పాప్వా: వానలో అందిన కప్పు

ఈసారి గోల్ఫ్ గురించి రాస్తున్నానంటే ఒకరిద్దరు నవ్వారు. "దానికీ మనోళ్లకీ ఏం సంబంధం సార్, అది దొరల ఆట కదా" అన్నారు. నిజమే, దొరల ఆటే. ఒక ఊరు ఊరంతా పట్టేంత పచ్చిక, ఆ పచ్చికకు రోజూ నీళ్లు, ఆడేది మాత్రం పదుల మంది. అందుకే రాస్తున్నా. అంత పెద్ద దొరల ఆటని, ఆ దొరల సంచులు మోసిన మనిషే గెలిచేస్తే ఏమవుతుంది? దక్షిణాఫ్రికాలో అది జరిగింది. ఆయన పేరు సెవ్‌సంకర్ సెవ్‌గోలుమ్. అందరూ పిలిచే పేరు పాప్వా.

ఆట తెలియనివాళ్లకు రెండు ముక్కలు. పద్దెనిమిది గుంతలు ఉంటాయి. చిన్న బంతిని కర్రతో కొట్టుకుంటూ పోయి ఒక్కో గుంతలో వేయాలి. ఎవరు తక్కువ దెబ్బలతో ముగిస్తే వాళ్లు గెలిచినట్టు. ఆడే దొర వెనకాల ఒకడు కర్రల సంచి భుజాన వేసుకుని నడుస్తాడు, వాణ్ని క్యాడీ అంటారు. బంతి ఎక్కడ పడిందో వెతికేది వాడు. గాలి ఎటు వీస్తోంది, నేల ఎటు వాలింది, ఈ దూరానికి ఏ కర్ర తీయాలి, ఇవన్నీ దొర కంటే వాడికే బాగా తెలుసు. ఆ మైదానంలో ఆడే హక్కు మాత్రం వాడికి లేదు. పొలం గురించి అంతా తెలిసినవాడు పాలేరు, పట్టా మాత్రం ఇంకొకడి పేరున ఉంటుంది. ఇంతకంటే వివరంగా మనవాళ్లకు చెప్పక్కర్లేదు.

పాప్వా పుట్టింది డర్బన్‌లో, 1930 ప్రాంతంలో. భారతీయ మూలాలున్న పేద కుటుంబం. 1860 నుంచి 1911 దాకా నేటాల్ చెరకు తోటల కోసం మన దేశం నుంచి ఒప్పంద కూలీలుగా ఓడలెక్కిన వాళ్లు 1,52,184 మంది. మొదటి ఓడ 'ట్రూరో' మద్రాసు నుంచి బయల్దేరి 1860 నవంబర్ 16న డర్బన్ రేవు చేరింది. మొత్తం కూలీల్లో ఎక్కువ మంది మద్రాసు నుంచి వెళ్లినవాళ్లే, అంటే తమిళులు, మన తెలుగువాళ్లు. ఓడ జాబితాల్లో పేరు, తండ్రి పేరు, ఊరు, ఒంటి మీది పుట్టుమచ్చలు, వీటితోపాటు కులం కూడా రాసేవారు. ఆ గడిలో మాల అనీ, పరయ అనీ రాసి ఉన్న పేజీలు ఇవాళ్టికీ ఉన్నాయి. పాప్వా పేరు వినగానే ఉత్తరాది వాసన తెలుస్తుంది. ఆయన కులం ఏమిటని కామెంట్లలో అడగొద్దు, ఈ వ్యాసంలో నాకు ఆ ప్రశ్నతో పనిలేదు. ఆ దేశం ఆయన మీద రాసిన ముద్ర వేరే ఉంది: 'నాన్-వైట్'. తెల్లవాడు కాని వాడు. మనిషిని అతను ఏమిటో చెప్పి కాక, ఏమి కాదో చెప్పి గుర్తించే పద్ధతి.

వాళ్ల ఇల్లు రివర్‌సైడ్ అనే పేటలో. ఉమ్గేని నది పక్కన, బీచ్‌వుడ్ గోల్ఫ్ మైదానానికి దగ్గర్లో. పిల్లవాడు చెట్టు కొమ్మను కర్రగా చెక్కుకుని బంతిని కొట్టడం నేర్చుకున్నాడు. కాస్త పెద్దయ్యాక ఆ మైదానంలోనే క్యాడీగా చేరాడు. బడి చదువు లేదు. నేర్పిన గురువు కూడా లేడు కాబట్టి చేతులు తనకు తోచినట్టు పట్టాడు. కుడిచేతి వాటం మనిషి కర్ర పట్టుకుంటే కుడి చెయ్యి కింద, ఎడమ చెయ్యి పైన ఉండాలని గోల్ఫ్ శాస్త్రం. పాప్వా తిరగేసి పట్టాడు, ఎడమ చెయ్యి కింద, కుడి చెయ్యి పైన. శిక్షకుడు ఎవడైనా చూస్తే మొదటి రోజే మాన్పించే పట్టు. మాన్పించేవాడు లేకపోవడం వల్ల అది బతికింది. తర్వాత్తర్వాత ఆ పట్టుకు ఆయన పేరే పెట్టారు.

మొదట 'నాన్-యూరోపియన్' ఆటగాళ్లకు విడిగా పెట్టే పోటీల్లో గెలుస్తూ వచ్చాడు. ఆ పోటీల మైదానాలు ఎలా ఉండేవో ఊహించుకోండి. నల్లవాళ్లకూ భారతీయులకూ ఆడుకోవడానికి మిగిలేది గతుకుల నేలే. అక్కడ ఆడి ఆడి రాటుదేలినవాడు, నున్నటి పచ్చిక మీదికి వెళితే ఎలా ఆడతాడో డర్బన్‌లో ఒక తెల్లవాడు చూశాడు. గ్రాహం వుల్ఫ్ అనే రసాయన శాస్త్రవేత్త. పేరు తెలియకపోవచ్చు, కానీ ఆయన సరుకు మీ ఇంట్లో అద్దం ముందు ఉండే అవకాశం ఉంది. 'ఆయిల్ ఆఫ్ ఓలే' అనే గులాబీ రంగు క్రీము కనిపెట్టింది ఆయనే, అదే డర్బన్‌లో, 1950ల మొదట్లో. ఇప్పుడు మన టీవీల్లో ఓలే అంటూ ఒంటి రంగు గురించి ఎన్ని ప్రకటనలు వస్తాయో మీకు తెలుసు. ఒంటి రంగు వల్ల గుమ్మం దాటలేకపోయిన మనిషిని మొదట విమానం ఎక్కించింది ఆ క్రీము డబ్బే. చరిత్రకు ఇలాంటి వెటకారాలు బాగా చేతనవును.

వుల్ఫ్ తన ఫ్యాక్టరీలో పాప్వాకు పని ఇచ్చాడు, ఆడుకోవడానికి తీరిక ఇచ్చాడు. 1959లో తన చిన్న విమానంలో తనే నడుపుకుంటూ ఐరోపాకు తీసుకెళ్లాడు. వుల్ఫ్ మంచివాడే. ఆ మంచితనాన్ని నేను తక్కువ చేయను. కానీ ఒక్క మాట గమనించండి. పాప్వాలాంటి ఆటగాడు బయటి ప్రపంచానికి కనిపించడానికి అతని ఆట సరిపోలేదు, సొంత విమానం ఉన్న తెల్లవాడు ఒకడు కావలసి వచ్చింది. అప్పట్లో డర్బన్‌లో ఎంతమంది క్యాడీలు ఉండేవాళ్లో, వాళ్లలో ఎందరికి అలాంటి యజమాని దొరికాడో ఆలోచించండి.

ఆ ఏడాదే హాలండ్‌లో డచ్ ఓపెన్ గెలిచాడు. ఐరోపాలో పేరున్న పోటీ అది. బంతి గుంత పక్కన ఆగితే, కొట్టినవాడి చర్మం రంగు చూసి అది దూరం జరగదు కదా. 1960లో మళ్లీ గెలిచాడు. 1964లో మూడోసారి గెలిచాడు. అమెరికాలో సైతం అప్పటి పరిస్థితి ఏమిటో తెలిస్తే ఈ గెలుపు విలువ తెలుస్తుంది. అక్కడి వృత్తి గోల్ఫ్ సంఘం నిబంధనావళిలో సభ్యత్వం తెల్లజాతి వారికే అని రాసుకున్న వాక్యాన్ని 1961 నవంబర్‌లో గాని కొట్టెయ్యలేదు. మాస్టర్స్ పోటీలో మొదటి నల్ల ఆటగాడు లీ ఎల్డర్ అడుగుపెట్టింది 1975లో.

ఇక్కడ నాకు బాగా ఆసక్తి కలిగించే విషయం ఒకటి ఉంది. గోల్ఫ్‌లో ఆటగాడి లెక్కను ఇంకొకరు రాస్తారు, ఆట అయ్యాక దాన్ని సరిచూసుకుని స్కోరు కార్డు మీద ఆటగాడే సంతకం పెట్టాలి. ఒక గుంతకు వేసిన అంకె తక్కువ పడి, అది చూసుకోకుండా సంతకం పెడితే ఆ రోజుల్లో ఆటగాణ్ని పోటీ నుంచే తీసేసేవాళ్లు. మైదానంలో ఎంత బాగా ఆడినా చివర్న ఒక కాగితం ఉంటుంది. అక్షరం రాని మనిషి మూడు సార్లు ఐరోపా పోటీ గెలిచాడంటే, ప్రతి రోజూ ఆ కాగితాన్ని కూడా దాటి గెలిచాడన్నమాట. మన అమ్మమ్మలు, తాతయ్యలు వేలిముద్ర వేసే ముందు ఆ కాగితం కేసి ఎలా చూసేవాళ్లో గుర్తుందా? నాకైతే గుర్తుంది.

ఇక 1963 జనవరికి వద్దాం. నేటాల్ ఓపెన్, డర్బన్ కంట్రీ క్లబ్‌లో. ఆ క్లబ్ తెల్లవాళ్ల ప్రాంతంలో ఉంది. 1950 నాటి గ్రూప్ ఏరియాస్ చట్టం ప్రకారం ఎవరు ఎక్కడ ఉండాలో, ఎక్కడ వ్యాపారం చేయాలో గీత గీసి పెట్టారు, ఆ చట్టం కింద వచ్చిన ప్రకటనలు క్లబ్బులకూ మైదానాలకూ కూడా పాకాయి. పాప్వాకు ఆడడానికి అనుమతి దొరికింది. పచ్చిక మీదికి మాత్రమే. క్లబ్‌హౌస్ లోపలికి కాదు. గోల్ఫ్‌లో క్లబ్‌హౌస్ అంటే ఏమిటో తెలియాలి. బట్టలు మార్చుకునేది అక్కడే, అన్నం తినేది అక్కడే, దాహం తీర్చుకునేది అక్కడే, ఆట గురించి నలుగురితో మాట్లాడుకునేది అక్కడే. పాప్వా బండిలోనే బట్టలు మార్చుకున్నాడు, బండిలోనే తిన్నాడు. మిగతా వాళ్లు ఆట మధ్యలో నీడన కూర్చుని తిని వచ్చి ఆడారు.

గెలిచాడు. తెల్లవాళ్ల పోటీలో, తెల్లవాళ్ల మైదానంలో, తెల్లవాళ్లందరినీ దాటి మొదటి స్థానం.

అప్పుడు వాన మొదలైంది. కప్పు ఇచ్చే వేడుక మామూలుగా లోపల జరగాలి. లోపలికి రావడానికి విజేతకు అనుమతి లేదు. దాంతో కప్పును బయటికి తెచ్చి, ఆ వానలోనే ఆయన చేతికి ఇచ్చారు. ఓడినవాళ్లు, చూడ్డానికి వచ్చినవాళ్లు చూరు కింద, గోడల మధ్య పొడిగా ఉన్నారు. గెలిచినవాడు తడిశాడు. అంత పెద్ద క్లబ్బుల్లో బల్లల మీద గ్లాసులు పెట్టేది, పళ్లేలు తీసేది ఆ రోజుల్లో భారతీయ పనివాళ్లే. డర్బన్ హోటళ్లూ క్లబ్బులూ నడిచింది వాళ్ల చాకిరీతో. అంటే భారతీయుడు ఆ గుమ్మం దాటొచ్చు, చేతిలో ట్రే ఉంటే. చేతిలో కప్పు ఉంటే దాటకూడదు.

ఈ మాట రాస్తుంటే ఒకటే గుర్తొస్తోంది. మన ఊళ్లలో గుడి కట్టేటప్పుడు రాయి మోసింది మనమే, సున్నం కలిపింది మనమే. ప్రతిష్ఠ అయ్యాక ఆ గుడి ఎవరిదయిందో నేను చెప్పాలా?

వానలో తడుస్తూ కప్పు అందుకుంటున్న ఫొటో ప్రపంచ పత్రికల్లో అచ్చయింది. వర్ణవివక్ష మీద పుస్తకాలు చదవని వాళ్లకు కూడా ఆ ఒక్క బొమ్మతో అంతా అర్థమైపోయింది. దక్షిణాఫ్రికాతో ఆటల సంబంధాలు తెంచుకోవాలన్న ఉద్యమం అప్పుడే బలం పుంజుకుంటోంది. దాన్ని నడిపిన వాళ్లలో కవి, ఉపాధ్యాయుడు డెన్నిస్ బ్రూటస్ ముఖ్యుడు. 1963లోనే జోహాన్నెస్‌బర్గ్ వీధిలో పోలీసుల నుంచి తప్పించుకోబోతే ఆయన వీపులో కాల్చారు. నేల మీద పడి ఉంటే మొదట వచ్చిన అంబులెన్సు తెల్లవాళ్లది. ఎక్కించుకోకుండా వెళ్లిపోయింది. ఇంకో అంబులెన్సు కోసం రక్తం కారుతుండగా ఎదురుచూడాల్సి వచ్చింది. బతికాడు, రాబెన్ దీవి జైల్లో రాళ్లు కొట్టాడు. 1964 టోక్యో ఒలింపిక్స్‌కు దక్షిణాఫ్రికాను రానివ్వలేదు. 1970లో ఒలింపిక్ ఉద్యమం నుంచే వెళ్లగొట్టారు.

డర్బన్ గుమ్మాల గురించి ఇంకొంత వెనక్కి వెళ్లాలి. మనకు బడిలో చెప్పని ముక్క ఇది. 1890లలో డర్బన్ తపాలా కార్యాలయానికి రెండు గుమ్మాలు ఉండేవి. ఒకటి యూరోపియన్లకు, రెండోది ఆఫ్రికన్లకూ ఆసియావాళ్లకూ కలిపి. గాంధీ కార్యదర్శిగా ఉన్న నేటాల్ ఇండియన్ కాంగ్రెస్ దీని మీద ప్రభుత్వానికి ఉత్తరాలు రాసింది. గుమ్మాలు వేరు చేయడం తప్పు అని రాసిందనుకుంటే పొరపాటు. ఫలితం ఏమిటో ఆ సంస్థ 1895 నివేదికలోనే ఉంది: ఇకనుంచి మూడు జాతులకూ మూడు గుమ్మాలు. ఆ ఫలితం మరీ అసంతృప్తికరంగా ఏమీ లేదని కూడా రాసుకున్నారు. పైవాడితో సమానంగా నడవడం కాదు, కిందివాడితో కలిసి నడవకుండా ఉంటే చాలు అనుకునే ఆలోచన అది. ఆ ఆలోచన ఓడెక్కి ఎక్కడి నుంచి వెళ్లిందో మనకు తెలుసు. మూడో గుమ్మం అడిగి తెచ్చుకున్న ఊళ్లోనే అరవై ఎనిమిదేళ్ల తర్వాత పాప్వాకు ఏ గుమ్మమూ లేకపోయింది.

ఇప్పుడు ఒక మాట దగ్గర ఆగాలి. నేను తెలుగు సాహిత్యం మనిషిని, మాట దొరికితే వదలను. పాప్వా జీవితం మీద క్రిస్ నికొల్సన్ అనే న్యాయమూర్తి 2005లో ఒక పుస్తకం వేశాడు. దాని పేరు 'పాప్వా సెవ్‌గోలుమ్: ఫ్రమ్ పరయ్యా టు లెజెండ్'. ఆ 'పరయ్యా' అనే మాట చూడండి. ఇంగ్లిష్‌లో దాని అర్థం 'అందరూ వెలివేసిన వాడు'. టీవీ వార్తల్లో రోజూ వింటాం, ఫలానా దేశం పరయ్యా అయిపోయిందంటారు. వర్ణవివక్ష కాలంలో దక్షిణాఫ్రికా ప్రభుత్వాన్నే ప్రపంచమంతా పరయ్యా రాజ్యం అనేది. మాక్స్ వెబర్ యూదులను పరయ్యా జాతి అన్నాడు. హన్నా ఆరెంట్ కూడా యూదుల గురించి రాస్తూ ఈ మాటే వాడింది. ఇంత పెద్ద పెద్ద వాళ్ల చేతుల్లో తిరిగిన ఈ మాట ఎవరిది? మద్రాసు వైపు పరయ్యర్లది. పరై అంటే డప్పు. డప్పు కొట్టే వాళ్ల పేరు అది. మన మాదిగ డప్పు ఎలాగో, వాళ్లకు పరై అలాగ. బతికున్న మనుషుల పేరును తీసుకెళ్లి తిట్టుగా మార్చి, ఆ తిట్టును నిఘంటువులో పెట్టి, ఆ తర్వాత దాన్ని అంతర్జాతీయ రాజకీయ పదం చేశారు. వెలివేసినవాడి పేరు 'వెలి' అయింది గాని, వెలివేసిన వాడి కులం పేరు మీద ఏ భాషలోనూ అలాంటి పదం పుట్టలేదు.

తమాషా ఏమిటంటే ఆ మాటను తిరిగి తమ చేతుల్లోకి తీసుకున్న మనిషి కూడా ఈ కథ జరిగిన చోటే కొన్నాళ్లు బతికాడు. రెట్టమలై శ్రీనివాసన్. 1893లో మద్రాసులో 'పరయన్' అనే పేరుతోనే పత్రిక పెట్టినవాడు. దాచుకోవలసిన పేరు కాదిది, పత్రిక తలకాయ మీద పెద్దక్షరాలతో అచ్చువేసుకునే పేరు అన్నాడు. ఆ తర్వాత ఇంగ్లండ్ వెళ్దామని బయల్దేరి దక్షిణాఫ్రికా చేరి, నేటాల్ కోర్టులో దుబాసీగా పనిచేశాడు. అక్కడే గాంధీతో పరిచయం. తిరిగి వచ్చి, లండన్ రౌండ్ టేబుల్ సమావేశాల్లో బాబాసాహెబ్ అంబేడ్కర్ పక్కన కూర్చుని మన తరఫున మాట్లాడినవాడు ఈయనే. నికొల్సన్ తన పుస్తకానికి ఆ పేరు పెట్టడంలో దురుద్దేశం లేదు, పాప్వా మీద ప్రేమతోనే పెట్టాడు. 'పరయ్యా స్థాయి నుంచి మహనీయుడి దాకా' అన్నప్పుడు మొదటి మెట్టు కింద ఎవరున్నారో ఆ శీర్షికకు తెలియదు, అంతే. మా క్లాసులో ఈ మాట వివరించినప్పుడు పిల్లలు కాసేపు మాట్లాడలేదు. తర్వాత ఒక అమ్మాయి, తెలుగులో ఇలాంటి మాటలు ఎన్ని ఉన్నాయో జాబితా రాద్దామా సార్ అంది. రాశాం. బోర్డు చాలలేదు.

సరే, పాప్వా దగ్గరికి వద్దాం. 1963 ఆయనకు గొప్ప ఏడాది. నేటాల్ ఓపెన్ గెలిచాక, అదే డర్బన్‌లో జరిగిన సౌతాఫ్రికన్ ఓపెన్‌లో రెండో స్థానం. ఆ పోటీ గెలిచింది రెటీఫ్ వాల్ట్‌మన్. కొన్నాళ్లకే గోల్ఫ్ మానేసి మతప్రచారకుడయ్యాడు. అదే ఏడాది ఇంగ్లండ్‌లో లిథమ్‌లో జరిగిన బ్రిటిష్ ఓపెన్‌లో పాప్వా పదమూడో స్థానం పంచుకున్నాడు. ఆ పోటీ గెలిచిన న్యూజీలాండ్ ఆటగాడు బాబ్ చార్ల్స్ ఎడమచేతి వాటంతో ఆడేవాడు. ఎడమచేతి వాటంతో అంత పెద్ద పోటీ గెలిచిన మొదటివాడని పత్రికలు ఆశ్చర్యపోయాయి. చేతులు తిరగేసి పట్టిన క్యాడీ అదే మైదానంలో ప్రపంచపు మేటి ఆటగాళ్ల మధ్య పదమూడో స్థానంలో ఉన్నాడు.

1965లో మళ్లీ నేటాల్ ఓపెన్. ఈసారి బరిలో గ్యారీ ప్లేయర్ ఉన్నాడు. అప్పటికే బ్రిటిష్ ఓపెన్, మాస్టర్స్, అమెరికన్ పీజీఏ గెలిచినవాడు. ఆ ఏడాదే యూఎస్ ఓపెన్ కూడా గెలిచి నాలుగు పెద్ద పోటీల లెక్క పూర్తిచేశాడు. తెల్ల దక్షిణాఫ్రికా గర్వంగా చూపించుకునే మనిషి. అలాంటి ప్లేయర్‌ని పాప్వా ఓడించాడు.

1963లో గెలిచినప్పుడు ఏదో గాలివాటంగా జరిగిందని సర్దిచెప్పుకోవచ్చు. ప్లేయర్‌నే ఓడించాక సర్దిచెప్పుకోవడానికి ఏమీ మిగల్లేదు. జాతుల మధ్య తేడా దేవుడు పెట్టింది అని నమ్మేవాళ్లకు ఇది ఆటలో ఓటమి కాదు, సిద్ధాంతంలో ఓటమి. గెలుపు వల్ల వివక్ష కరుగుతుందని, 'నువ్వు బాగా చదివి పైకి వస్తే కులం ఎవరు అడుగుతారు' అని మనకు చెప్పేవాళ్లు ఈ భాగం రెండు సార్లు చదవాలి. ఓడినంత కాలం పాప్వాకు అనుమతులు దొరికాయి. గెలిచాక అనుమతులు ఆగిపోయాయి. తెల్లవాళ్ల పోటీల్లో ఆడకూడదని నిషేధం పెట్టారు. ఆడకపోతే పోనీ చూద్దామంటే, ప్రేక్షకుడిగా కూడా రాకూడదన్నారు. విదేశాలకు వెళ్లి ఆడుకుందామంటే పాస్‌పోర్టు తీసేసుకున్నారు. అంటే చేతులు విరగ్గొట్టలేదు, కర్ర లాక్కోలేదు. నిలబడి కొట్టడానికి నేల లేకుండా చేశారు. అప్పటికి ఆయనకు నలభై కూడా లేవు. గోల్ఫర్‌కు అది మంచి వయసు.

గ్యారీ ప్లేయర్ 1966లో రాసిన పుస్తకంలో వర్ణవివక్ష విధానాన్ని సమర్థించాడు, తాను వెర్వోర్డ్ కాలపు దక్షిణాఫ్రికాకు చెందినవాణ్నని చెప్పుకున్నాడు. 1969లో అమెరికాలో ఆడుతుంటే నిరసనకారులు మంచుముక్కల గ్లాసు ఆయన మీద విసిరారు. తర్వాత కాలంలో తన మాట మార్చుకున్నాడు, వర్ణవివక్ష తప్పన్నాడు. మార్చుకున్నందుకు మెచ్చుకుందాం. మార్చుకోవడానికి ఆయనకు బోలెడు కాలం, బోలెడు పోటీలు మిగిలి ఉన్నాయి. పాప్వాకు మిగల్లేదు.

ఈ కథకు మన దగ్గర ఒక అన్న ఉన్నాడు, ఆయన్ని తలుచుకోకుండా ముందుకు పోలేను. పాల్వంకర్ బాలూ. చమార్ కుటుంబంలో పుట్టి, పూనాలో ఇంగ్లిషు వాళ్ల క్రికెట్ క్లబ్బులో నేల చదును చేసే పని చేసేవాడు. జీతం నెలకు నాలుగు రూపాయలు. దొరలకు బ్యాటింగ్ సాధన కోసం బంతులు వేసి వేసి గొప్ప స్పిన్నరయ్యాడు. ఇంగ్లిషు వాళ్లను ఓడించాలంటే హిందూ జట్టుకు ఆయన కావాలి. కాబట్టి మైదానంలో ఆయన తాకిన బంతిని బ్రాహ్మణ ఆటగాళ్లు తాకేవాళ్లు. విరామంలో మాత్రం ఆయనకు టీ బయట, మట్టి ముంతలో, తాగాక పగలగొట్టేది. 1911 ఇంగ్లండ్ యాత్రలో 114 వికెట్లు తీశాడు. కెప్టెన్సీ మాత్రం ఆయనకు ఇవ్వలేదు. బాలూ టీ తాగిన చోటుకూ పాప్వా కప్పు అందుకున్న చోటుకూ మధ్య సముద్రం ఉంది, యాభై ఏళ్లు ఉన్నాయి. రెండూ గడప అవతలే.

బాలూ గురించి చెప్పేటప్పుడు మనవాళ్లు ఒక సంగతి దాటవేస్తుంటారు. 1937 ఎన్నికల్లో బొంబాయిలో ఆయన కాంగ్రెస్ అభ్యర్థిగా బాబాసాహెబ్ మీదే పోటీ చేసి ఓడిపోయాడు. పాప్వా విషయంలోనూ ఇలాంటి చిక్కు ఉంది. ఆయన ఉద్యమకారుడు కాదు. సభల్లో మాట్లాడలేదు. తెల్లవాళ్ల ప్రభుత్వం ఇచ్చే పర్మిట్లు తీసుకుని వాళ్ల పోటీల్లో ఆడడం అంటే ఆ ఏర్పాటును ఒప్పుకున్నట్టే అని ఉద్యమంలో ఉన్నవాళ్లకు అభ్యంతరం. కేప్‌లో క్రికెట్ ఉద్యమం నడిపిన హసన్ హోవా, సమాజమే మామూలుగా లేనప్పుడు ఆట మాత్రం మామూలుగా ఎలా ఉంటుందని అడిగేవాడు. సూత్రం ప్రకారం వాళ్ల వాదన సరైనదే. నేను ఆ రోజుల్లో ఉంటే ఆ వాదనే చేసి ఉండేవాణ్ని. కానీ ఫ్యాక్టరీలో కూలి చేసే, చదువు రాని, చేతిలో ఒకే ఒక్క విద్య ఉన్న మనిషిని పోయి నువ్వు ఆడొద్దు అని చెప్పే హక్కు ఎవరికి ఉంటుందన్నది వేరే ప్రశ్న. పైగా చూడండి, ఆ వ్యవస్థకు ఎక్కువ నష్టం చేసిన ఫొటో ఏది? పర్మిట్ తీసుకుని ఆడినవాడిదే. పాప్వా ఆడకపోయి ఉంటే వానలో ఆ కప్పు లేదు. ఉద్యమం ఆ ఫొటోను వాడుకుంది, వాడుకోవాలి కూడా. ఆ ఫొటోలో మనిషి ఇంటికెళ్లాక ఏం తిన్నాడన్నది మాత్రం ఏ ఉద్యమమూ పూర్తిగా పట్టించుకోలేకపోయింది. మన ఉద్యమాల్లోనూ ఇలాంటి ఫొటోలున్నాయి, పేర్లు చెప్పను.

ఆఖరి ఏళ్లు పేదరికంలోనే గడిచాయి. ఆయన పుట్టి పెరిగిన రివర్‌సైడ్ పేటను గ్రూప్ ఏరియాస్ చట్టం కింద తెల్లవాళ్ల ప్రాంతంగా ప్రకటించి, అక్కడి భారతీయ కుటుంబాలను లేవగొట్టారు. ఇళ్లు పోయాయి. ఆ పేటకు గుర్తుగా సూఫీ మసీదు మిగిలింది. పాప్వా 1978 జూలైలో గుండెపోటుతో చనిపోయాడు. యాభై నిండలేదు. ఆయన కొడుకు రాజేన్ కూడా గోల్ఫ్ ఆడాడు.

ప్రజాస్వామ్యం వచ్చాక దక్షిణాఫ్రికా ప్రభుత్వం ఆయనకు మరణానంతరం ఇకమాంగా పురస్కారం ఇచ్చింది. డర్బన్‌లో రిజర్వాయర్ హిల్స్ దగ్గర, అదే ఉమ్గేని నది ఒడ్డున ఉన్న మునిసిపల్ గోల్ఫ్ మైదానానికి ఆయన పేరు పెట్టారు. డబ్బు కట్టి ఎవరైనా ఆడగలిగిన మైదానం అది. క్యాడీలు కూడా.

వచ్చే ఆదివారం కేప్ టౌన్ వెళ్దాం. సొంత దేశం జట్టులో చోటు లేక ఇంగ్లండ్ వెళ్లి, ఇంగ్లండ్ తరఫున ఆడబోతుంటే 1968లో సొంత దేశమే రావద్దన్న బాసిల్ డి ఒలివేరా గురించి.

జై భీమ్.